నీ ఇష్టం చెప్పమన్న టీచర్ గారు

మా టీచర్ గారు పోయారు.

నందిగామ బస్టాండులో కోర్టుకు వెళ్ళే బస్సు కోసం నిలబడి ఉంటే, జగ్గయ్యపేట నుంచి ఆవిడ పక్కింటాయన ఫోన్ చేశాడు. "పాల ప్యాకెట్టు ఇంకా గేటుకే ఉందండి. ఎంత కొట్టినా తలుపు తియ్యలేదు. నిద్దర్లోనే పోయారు" అన్నాడు. నాకు ఏడుపు రాలేదు. నా నోట్లోంచి వచ్చిన మొదటి మాట, "సోమవారం ఆ పిల్ల పక్కన ఎవరు కూర్చుంటారు?" అని. పాపం ఆయనకేం తెలుసు. "ఏ పిల్లండీ?" అన్నాడు. ఏం లేదులెండి, వస్తున్నా అని ఫోన్ పెట్టేశాను. ఏడుపు తర్వాత వచ్చింది, బస్సులో, టిక్కెట్టు తీసుకున్నాక.

ఆ పిల్ల సంగతి చెప్పకుండా మా టీచర్ గారి గురించి చెప్పలేను. పిల్ల పేరు చెప్పను, ఊరి పేరూ చెప్పను. చట్టం ఒప్పుకోదు. ఒప్పుకున్నా చెప్పను. మునేటి ఒడ్డున ఒక ఊరనుకోండి, అందులో ఏడో తరగతి చదివే పిల్ల. తల్లి మిరపకోతలకీ పత్తితీతలకీ వెళ్తుంది. తండ్రి లేడు. తల్లి పనికి వెళ్ళే చేను గల ఆసామి ఆ పిల్లని పాడు చేశాడు. ఇంతకు మించి అడగకండి. కేసు పెట్టారు, అతన్ని జైల్లో వేశారు, కొన్నాళ్ళకి బెయిల్ మీద బయటికొచ్చాడు. నేను లాయర్ని. ఇలాంటి కేసుల్లో పిల్లల తరఫున లీగల్ ఎయిడ్ ద్వారా నిలబడుతుంటాను. నిలబడి నిలబడి కాళ్ళకన్నా ముందు మనసు నొప్పి పెడుతుందని ఇంట్లో అంటే, కాఫీ తాగమంటారు.

టీచర్ గారు నాకు ఎనిమిదో తరగతిలో తెలుగు చెప్పారు. గట్టిగా కొట్టేవారు కాదు, గట్టిగా అరిచేవారూ కాదు. ఒక్కటే పట్టుదల. ఆవిడ క్లాసులో "మీ ఇష్టం టీచర్" అనకూడదు. ఏ పద్యం అప్పజెబుతావే అనడిగితే, భయానికో బద్ధకానికో మేమందరం అదే అనేవాళ్ళం. ఆవిడ చాక్‌పీసు బల్ల మీద పెట్టి, చేతులు దులుపుకుని, "నా ఇష్టం నా దగ్గర ఉంది. నీది చెప్పు" అనేవారు. చెప్పేదాకా అలా నిలబెట్టేవారు. నేనొకసారి గంట కొట్టేదాకా నిలబడ్డాను. నాకసలు ఏ పద్యమూ రాదు, ఆ మాట చెప్పడానికి మొహమాటం. చివరికి "ఏదీ వద్దు టీచర్" అన్నాను. "చూశావా, ఎంత సుఖంగా ఉందో" అని కూర్చోబెట్టారు.

ఇంటికి వెళ్ళినా అదే తంతు. కాఫీ తాగుతావా అంటారు. మీ ఇష్టమండి అన్నామా, కాఫీ రాదు. కావాలి అనాలి, లేదా వద్దు అనాలి. పెళ్ళిచూపులకొచ్చిన వాళ్ళని కూడా ఇలాగే కాఫీ లేకుండా పంపించేశారని పేటలో ఒక కథ ఉంది. నిజమో అబద్ధమో నాకు తెలీదు. అడిగితే నవ్వేవారు.

ఆవిడ రిటైరైంది ఆ పిల్ల వాళ్ళ ఊరి స్కూల్లోనే. రిటైరయ్యాక జగ్గయ్యపేటలో ఇల్లు కట్టుకున్నా, ఆదివారం ఆరాధనకి మాత్రం ఆటో ఎక్కి ఆ ఊరి చర్చికే వెళ్ళేవారు. పేటలో ఇన్ని చర్చిలుండగా అంత దూరం ఎందుకండీ అంటే, "ఇక్కడ నాకు పాడే పిల్లలు లేరు" అనేవారు. అక్కడి పిల్లలకి పాటలు నేర్పేది ఆవిడే. మన పిల్ల ముందు వరసలో ఉండేదట. గొంతు పెద్దదేం కాదు, కానీ పల్లవి ఎప్పుడూ తప్పేది కాదట.

ఆసామికి బెయిల్ వచ్చిన తర్వాత పిల్ల చర్చికి రావడం మానేసింది. ఊళ్ళో అందరికీ కేసు సంగతి తెలుసు, ఎవరూ నోరెత్తరు. ఆరాధన అయ్యాక టీచర్ గారు తిన్నగా వాళ్ళింటికి వెళ్ళారు. పిల్ల మంచం మీద గోడవైపు తిరిగి పడుకుని ఉంది. తల్లి చెప్పిందట, "ఎట్టా పంపనమ్మా, ఆయన ఎదురుగానే కూకుంటన్నాడు గదా" అని.

ఇక్కడ కాస్త చట్టం చెప్పాలి, విసుక్కోకండి. బెయిల్ ఇచ్చేటప్పుడు కోర్టు కొన్ని షరతులు పెడుతుంది. సాక్షుల్ని బెదిరించకూడదు, దేశం దాటి పోకూడదు, ప్రతి ఆదివారం పొద్దున పది నుంచి ఒంటిగంట లోపు పోలీస్ స్టేషన్లో సంతకం పెట్టాలి. ఈ షరతులు రెడీమేడ్ చొక్కాల్లాంటివి, అందరికీ ఒకటే సైజు. ఈ ఆసామి బెయిల్లోనూ అవే పడ్డాయి. ఏ స్టేషన్ అంటే కేసు నమోదైన స్టేషనే. అది ఆ ఊళ్ళోనే, చర్చి ముందున్న రోడ్డుకి అవతల. అతను బెయిలొచ్చాక బుద్ధిమంతుడిలా వేరే ఊళ్ళో బావమరిది ఇంట్లో ఉంటున్నాడు. ఆదివారం మాత్రం రావాల్సిందే, కోర్టు రమ్మంది మరి. వచ్చి, సంతకం పెట్టి, పక్కనే ఉన్న టీకొట్టు బెంచీ మీద కూర్చుంటాడు, ఆరాధన అయిపోయేదాకా. ఎవర్నీ ఏమీ అనడు. అటువైపు చూడనన్నా చూడడు. టీ తాగుతాడు. టీ తాగడం నేరమని ఏ చట్టంలోనూ లేదు.

టీచర్ గారు తల్లిని వెంటబెట్టుకుని నందిగామలో మా ఆఫీసుకి వచ్చారు. "ఏమ్మా లాయరూ, నీకు పని తెచ్చా" అన్నారు. నాకప్పటికే చేతినిండా పనుంది, ఆ మాట అన్నాను కూడా. ఆవిడ విననట్టే కుర్చీ లాక్కుని కూర్చున్నారు. "ఇలాంటి కేసుల్లో బెయిల్ ఇచ్చేముందు పిల్ల తరఫు వాళ్ళని పిలిచి అడగాలి కదా. నిన్ను పిలవలేదా?" అని నేను తల్లిని అడిగాను.

"పిలిచారమ్మా. కానిస్టేబులొచ్చి కాయితం ఇచ్చి తోలుకుపోయాడు."

"మరి జడ్జి గారు ఏమడిగారు?"

"ఆ పెద్దాయన మంచిగానే అడిగాడమ్మా. ఏమ్మా, ఇతనికి బెయిలిస్తే నీకేమన్నా అభ్యంతరమా అన్నాడు."

"నువ్వేమన్నావు?"

"అంత పెద్దాయన అడుగుతుంటే కాదంటే ఏం బాగుంటది? మీ ఇష్టమండి అన్నా."

నేను టీచర్ గారి వైపు చూడలేకపోయాను. మా వైపు మనుషులకి ఆ మాట ఊపిరి లాంటిది. డాక్టరు సూది పొడవమంటావా అంటే మీ ఇష్టమండి. మేస్త్రి రేపు కోతకి వస్తావా అంటే మీ ఇష్టమండి. అది ఒప్పుకోవడం కాదు, దణ్ణం పెట్టడం. కానీ కోర్టు కాగితంలో దణ్ణాలు పడవు. "పిల్ల తల్లికి అభ్యంతరం లేదు" అని పడింది.

తల్లి కాదన్నా బెయిల్ వచ్చేదేమో. పోలీసులు ఛార్జిషీటు వేసేశారు, అతను పారిపోయే మనిషి కాదు, ఆస్తీ ఇల్లూ ఉన్నవాడు. ఇన్నేళ్ళ నా అనుభవంలో రావడమే ఎక్కువ. కానీ ఆమె ఒక్క మాట చెప్పి ఉంటే, ఎక్కడ సంతకం పెట్టాలన్నదన్నా ఎవరో ఒకరు ఆలోచించేవారు. "అడగందే అమ్మైనా పెట్టదు. మనం అడగం. ఎవరన్నా మనల్ని అడిగినా చెప్పం" అన్నారు టీచర్ గారు. ఆవిడ గొంతులో కోపం లేదు, అలసట ఉంది. పాఠం అందరికీ చెప్పాననుకున్నాను, సగం ఊరికి చెప్పలేదన్నట్టుంది ఆ ముఖం. ఆ తల్లి కూడా ఆవిడ పనిచేసిన స్కూల్లోనే చదివింది. అయిదో క్లాసులో మానేసిందట, ఆవిడ క్లాసుకి వచ్చేలోపే.

నేను సాక్షి రక్షణ కోసం అర్జీ పెట్టాను. అలాంటి పథకం ఒకటి ఉంది. బెదిరింపు ఉందని తేలితే కాపలా పెడతారు, అవసరమైతే వేరే చోటికి పంపిస్తారు. విచారణకి వచ్చిన పోలీసు అధికారి కూడా మర్యాదస్తుడే. "మిమ్మల్ని ఏమన్నా అన్నాడా?" అనడిగాడు. లేదండి అంది తల్లి. "మనిషిని పంపించాడా? ఫోన్ చేశాడా?" లేదండి. ఏమీ లేకపోతే ఆయన మాత్రం ఏం రాస్తాడు? బెదిరింపు లేదు అని రాశాడు. నేను ఆ కాగితం చదివి వినిపిస్తే టీచర్ గారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. "భయపెట్టడానికి నోరెందుకే? వాడికి బెంచీ చాలు" అన్నారు.

ఆపై ఆదివారం ఆవిడ ఆరాధనకి వెళ్ళలేదు. ఊరు వెళ్ళారు, చర్చిలోకి వెళ్ళలేదు. నేను కూడా వెంట ఉన్నాను కాబట్టి ఇది విన్నమాట కాదు. ఆసామి సంతకం పెట్టి వచ్చేసరికి టీచర్ గారు ఆ టీకొట్టు బెంచీ మధ్యలో కూర్చుని ఉన్నారు. షుగరు మనిషి, చక్కెర వేసిన టీ చేతిలో పట్టుకుని. అతను కూడా ఆవిడ శిష్యుడే. నలభై దాటినవాడు, మెడలో గొలుసు, తెల్లచొక్కా. ఆవిణ్ణి చూసి ఠక్కున ఆగాడు.

"నమస్కారమండి టీచర్ గారూ" అన్నాడు.

"ఏరా, సంతకం అయిందా?"

"అయిందండి."

"అయితే ఇంటికెళ్ళు."

అతను టీకొట్టు వాడి వైపు చూశాడు, నా వైపు చూశాడు. "టీ తాగి ఎల్దామనండి" అన్నాడు.

"మీ ఊళ్ళో టీ దొరకదా? ఇక్కడ పిల్లలు పాడుకుంటున్నారు. నువ్వెళ్ళు."

వెళ్ళిపోయాడు. బైకు చప్పుడు దూరమయ్యేదాకా ఆవిడ అలాగే కూర్చున్నారు. తర్వాత గ్లాసు కింద పెట్టారు. నేను సంతోషం పట్టలేక, "ఏం చేశారండీ!" అన్నాను. ఆవిడ నన్ను కోప్పడ్డారు. "ఏం చేశాను? వాడు నాకు భయపడ్డాడు. నేను డెబ్భై దాటిన ముసల్దాన్ని. నేనెన్నాళ్ళు కూర్చుంటాను ఈ బెంచీ మీద? నువ్వు కాగితం రాయి" అన్నారు. ఆ మాట ఇప్పుడు మళ్ళీ మళ్ళీ వినిపిస్తోంది నాకు.

కాగితం రాశాను. సంతకం పెట్టే చోటు మార్చమని, ఆదివారం వద్దని. ఆ లోపు టీచర్ గారు తనే అడిగి పిల్లకి సపోర్ట్ పర్సన్‌గా నియామకం తెచ్చుకున్నారు. కేసు నడిచినంతకాలం పిల్ల పక్కన ఉండే మనిషన్నమాట. తల్లికి మాత్రం ఆవిడ వంటింట్లో వేరే చదువు మొదలైంది. టీచర్ గారు పీట మీద జడ్జి గారిలా నిటారుగా కూర్చునేవారు.

"ఏమమ్మా, ఇంకో ముద్ద వేసుకుంటావా?"

"మీ ఇష్టమండి."

"అదిగో! నా ఇష్టం నా దగ్గర ఉంది. నీది చెప్పు."

తల్లి కొంగు నోటికడ్డం పెట్టుకుని నవ్వేది. పిల్ల కూడా నవ్విందని ఒకసారి ఫోన్ చేసి మరీ చెప్పారు.

అయినా కోర్టులో పిలిచేసరికి తల్లికి నోరు పెగల్లేదు. టీచర్ గారు లేచి, "నేను చెప్పొచ్చా అండి?" అని అనుమతి అడిగి, చర్చి ఎక్కడో, స్టేషన్ ఎక్కడో, బెంచీ ఎక్కడో చెప్పారు. అంతే, ఒక్క విశేషణం కూడా వాడలేదు. జడ్జి గారు శ్రద్ధగా విన్నారు. బెయిల్ రద్దు కాలేదు. సంతకం మారింది. హైవే మీద వేరే స్టేషన్లో, ఆదివారం కాని రోజున, ఈ ఊరి పొలిమేరలోకి రాకుండా. ఇంతకే మేం బస్సులో పెద్ద యుద్ధం గెలిచినట్టు జామకాయలు కొనుక్కుని తిన్నాం. తింటూ టీచర్ గారు, "ఒక బెంచీ ఖాళీ చేయించడానికి ఇంత తిరగాలా?" అన్నారు.

కొన్ని వారాలకి పిల్ల చర్చికి వచ్చి వెనక వరసలో కూర్చుంది. పాడలేదు. కూర్చుంది. అది కూడా ఫోన్ చేసి చెప్పారు.

తర్వాత వాయిదాలు. సాక్ష్యం ఈ నెల అంటే వచ్చే నెల, వచ్చే నెల అంటే సెలవులయ్యాక. ప్రతిసారీ తల్లీ పిల్లా, టీచర్ గారూ, నేనూ బస్సు ఎక్కడం, వరండాలో పడిగాపులు పడటం, దిగడం. తల్లిని మిరపకోతలకి పిలవడం మానేశారు. పెద్దమనుషులు వచ్చి, ఆడపిల్ల బతుకు, రాజీ చేసుకోండని చెవినిల్లు కట్టుకుని పోరారు. ఆ రోజుల్లో వరండా బెంచీ మీద టీచర్ గారు చేసే పని ఒక్కటే. పిల్లని ముందు కూర్చోబెట్టుకుని, వేసిన జడ విప్పి మళ్ళీ వేసేవారు. గట్టిగా లాగి, నున్నగా దువ్వి, చివర రిబ్బను కట్టేవారు. కేసు గురించి ఒక్క ముక్క మాట్లాడేవారు కాదు. పిల్ల కళ్ళు మూసుకుని కూర్చునేది. ఏమిటండీ, వేసిన జడే మళ్ళీ వేస్తారు అని నేను ఒకసారి వేళాకోళం చేశాను. "దాని తల మీద ఎవరి చెయ్యి పడాలో అదే చెప్పాలి. నేను అడిగాకే వేస్తున్నా" అన్నారు. ఆ తర్వాత నేను గమనించాను. ప్రతిసారీ దువ్వెన చేతిలో పట్టుకుని, "వెయ్యనా?" అని అడిగేవారు. పిల్ల "వెయ్యండి" అన్నాకే ముట్టుకునేవారు. వద్దన్న రోజులు కూడా ఉన్నాయి. ఆ రోజు దువ్వెన సంచిలో పెట్టేసేవారు.

చివరికి సాక్ష్యానికి సోమవారం ఖాయమైంది. దానికి ముందు వారంలో ఆవిడ పోయారు.

ఇక్కడే అసలు చిక్కు. తల్లి కూడా సాక్షే. ఆమె సాక్ష్యం అయ్యేదాకా పిల్ల చెప్పేటప్పుడు లోపల ఉండకూడదు. నేను లాయర్ల బల్ల దగ్గర ఉండాలి. పిల్ల పక్కన కూర్చోవాల్సిన ఒక్క మనిషి జగ్గయ్యపేటలో పెట్టెలో పడుకుని ఉన్నారు.

భూస్థాపనకి ఆవిడ పాత విద్యార్థులు చాలామంది వచ్చారు. పాస్టర్ గారు ప్రార్థన చేస్తుంటే పిల్ల వాళ్ళమ్మ కొంగు పట్టుకుని నిలబడింది. మట్టి వేసి వచ్చాక నేను తల్లి దగ్గరికి వెళ్ళి, "సోమవారం వస్తారా? వాయిదా అడగమంటారా?" అన్నాను. ఆమె ఏడ్చి ఏడ్చి వాచిన కళ్ళతో నన్ను చూసి, రెండు చేతులూ జోడించింది.

"మీ ఇష్టమండి" అంది.

వాయిదా పడితే మళ్ళీ ఎప్పటికో నాకు తెలుసు. ఈలోపు ఆ పిల్ల మర్చిపోయానంటుందో, ఆ తల్లి మాకొద్దంటుందో, అదీ తెలుసు. అలా పోయిన కేసులు ఎన్నో చూశాను. ఇంటికొచ్చి ఎవరితోనూ మాట్లాడకుండా పడుకున్నాను.

సోమవారం వాళ్ళు వచ్చారు. అవతలి లాయరు గారు లేచి, ఎంతో సానుభూతిగా, "సపోర్ట్ పర్సన్ గారు కాలం చేశారు, పాప బాధలో ఉంది, వాయిదా వేసినా మాకేం అభ్యంతరం లేదు" అన్నారు. ఆయనకెందుకు ఉంటుంది అభ్యంతరం? జడ్జి గారు తల్లిని ముందుకి పిలిచారు. "ఏమంటావమ్మా? వాయిదా వెయ్యమంటావా?"

తల్లి చేతులు అలవాటుగా జోడించింది. నోరు తెరిచింది. నేను కళ్ళు దించేసుకున్నాను.

"మా ఇష్టం అడుగుతున్నారాండి?" అంది.

"అవునమ్మా, నిన్నే అడుగుతున్నా."

"వద్దండి. ఇయ్యాలే చెప్పుద్ది."

జడ్జి గారు తలూపి, పిల్ల పక్కన ఇంకెవరినన్నా కూర్చోబెట్టనా అని అడిగారు. పిల్ల తనే చెప్పింది, వద్దండి, కుర్చీ మాత్రం అక్కడే ఉంచండి అని.

కేసు ఇంకా నడుస్తోంది. తీర్పు ఏమొస్తుందో నాకు తెలీదు. అతను బెయిల్ మీదే ఉన్నాడు, హైవే మీద స్టేషన్లో వారం వారం సంతకం పెడుతున్నాడు. ఆ టీకొట్టు బెంచీ మీద ఇప్పుడు ఎవరెవరో కూర్చుంటున్నారు.

కళ్ళు మూసుకుంటే నాకు కనిపించేది మాత్రం ఆ సోమవారమే. తల్లిని బయటికి పంపి తలుపు వేశారు. పిల్ల ఆ ఖాళీ కుర్చీ పక్కన కూర్చుంది. పొద్దున్నే తన జడ తనే వేసుకుని వచ్చినట్టుంది. పాపిడి వంకరగా ఉంది, ఒక పాయ లావు, ఒక పాయ సన్నం, రిబ్బను వదులు. ఆ జడని భుజం మీంచి ముందుకి తీసుకుని, చివర గట్టిగా పట్టుకుని, చెప్పడం మొదలుపెట్టింది.